కాకా, గటు సూడు... కెమెరా!

వకీలమ్మ జవాబు: పాఠకుల ప్రశ్నలు

ఈ శీర్షికకు ఎప్పుడూ వచ్చేవి భూమి హద్దుల తగాదాలు, భరణం కేసులు, చిట్టీ పైసలు ఎగ్గొట్టినోళ్ళ ముచ్చట్లు. ఈ నెల కట్ట విప్పితే సగం ఉత్తరాలు ప్రాంక్ వీడియోల మీదనే ఉన్నయ్. ఎండకాలం సెలవులు, చేతుల ఫోను, చేసెటందుకు పని లేదు. హద్దురాళ్ళు ఎటూ పోవు గాబట్టి వాటిని వచ్చే నెలకు జరిపిన.

ప్రశ్న: వకీలమ్మకు నమస్తే. మా బాపు హన్మకొండ చౌరస్తా దిక్కు మిర్చి బండి పెడతడు. ఇరువై ఏండ్ల సంది అదే జాగ. పోయిన నెల ముగ్గురు పోరగాండ్లు వచ్చి మిర్చీలు తిన్నరు. తింటుంటే తింటుంటెనే ఒకడు పొట్ట పట్టుకొని కింద పడ్డడు, నోట్లకెళ్ళి నురుగు. ఇంకొకడు "బల్లి ఉన్నది, బజ్జీల బల్లి ఉన్నది" అని ఒర్రుడు మొదలుపెట్టిండు. జనం మూగిండ్రు. ఎవరో ఒకాయన బాపు గల్ల పట్టుకున్నడు. బాపు వణుక్కుంట నీళ్ళ చెంబు తీసుకొని పడ్డోని పక్కకు కూసున్నడు. అప్పుడు వాడు లేచి "కాకా, గటు సూడు... కెమెరా!" అన్నడు. ఆ నురుగు టూత్‌పేస్టట. బాపు కూడ నవ్విండు. మిర్చీల పైసలు ఇచ్చి, పైన రెండు వందలు చేతుల పెట్టి పోయిండ్రు. వీడియో మస్తు తిరిగింది. దాని ఆఖరి ముక్క కోసేసి, బల్లి అన్న కాడికే ఎవరో వాట్సప్‌ల వదిలిండ్రు. అది మా చుట్టాల గ్రూపుకే వచ్చింది. గిరాకి పడిపోయింది. ఇప్పుడు బాపు ఎవ్వరు అడగకున్నా పిండి గిన్నె మూత తీసి చూపెట్టినంకనే మిర్చీలు వేస్తున్నడు. కేసు పెడదామంటే "నేను నవ్విన గద బిడ్డా, ఇప్పుడు ఏమని అడుగుత" అంటడు. మేం ఏం చెయ్యాలె?
(పేరు రాయొద్దన్నరు, హన్మకొండ)

జవాబు: బిడ్డా, ఆ పిండి గిన్నె మూత కాడ నేను ఆగిపోయిన. ఇరువై ఏండ్లు ఒక్క జాగల నూనె కాచిన మనిషికి ఉన్న ఆస్తి ఏంది? జాగ కార్పొరేషన్‌ది. బండి మీద ఏదో ఒక లోను ఉండనే ఉంటది. "ఆయన కాడ తింటే కడుపు చెడది" అన్న పేరు ఒక్కటే ఆయన సొంతం. ముగ్గురు పోరగాండ్లు దాన్ని మూడు నిమిషాలల్ల ఖర్చు పెట్టుకున్నరు. వ్యూస్ వాళ్ళకు, రెండు వందలు మీ బాపుకు.

ముందుగాల ఆ నవ్వు సంగతి. గల్ల మీద పరాయి చెయ్యి అప్పుడే లేచింది, చుట్టు యాభై కండ్లు, ఎదురుంగ ఫోను. ఆ గడియల మీ బాపు నవ్వకుంటే ఏం చేస్తడు? కోపానికి వస్తే దాన్నీ పెడతరు, "ప్రాంక్ చేస్తే సీరియస్ అయిన కాకా" అని పేరు పెట్టి మరీ. ఏడిస్తే ఇంకా మంచిది వాళ్ళకు. బయటపడెటందుకు ఆయనకున్న ఒక్క తొవ్వ నవ్వు. ప్రాణం లేచొచ్చిన మనిషి నవ్వు అది, పడ్డోడు బతికే ఉన్నడు, నా చేతుల మీద ఎవ్వరు చావలేదు అన్న నవ్వు. లక్షల మందికి చూపెట్టుకోమని రాసిచ్చిన కాగితం కాదు. భారతీయ న్యాయ సంహిత, అంటే పాత ఐపీసీ జాగల వచ్చిన నేరాల చట్టం, దాని 28వ సెక్షన్ల ఒక మాట ఉన్నది: భయపడి ఇచ్చిన ఒప్పుదల, అసలు సంగతి తెల్వక ఇచ్చిన ఒప్పుదల, ఆ సంగతి అవతలోనికి ఎరుకుంటే, ఒప్పుదల లెక్కల రాదు. మీ బాపు నవ్వుకు ఆ సెక్షన్ నేరుగ అతకదు, అది నేరాల విచారణల ఒప్పుదలను ఎట్ల చూడాలె అని చెప్పేది. గానీ చట్టం మనిషిని ఎట్ల అర్థం చేసుకుంటదో దాంట్ల తెలుస్తది. ఆ మాట మీ బాపుకు చదివి వినిపించు.

ఇగ చేసే పని. ఎల్లుండి దాకా ఎవ్వరితోని లొల్లి పెట్టుకోకు. ఫోన్ చేసి తిడితే వీడియో మాయమైతది, దాంతోపాటు నీ సాక్ష్యం కూడ. ముందు ఆ వీడియో లింకు, ఛానల్ పేరు రాసిపెట్టుకో. పెట్టిన తారీఖు, వ్యూస్, కింద కామెంట్లు అన్నీ కనపడేటట్టు స్క్రీన్ రికార్డు తియ్యి. వాట్సప్ ముక్క ఏ గ్రూపుల, ఎవరి నంబరు నుంచి, ఎన్ని గంటలకు వచ్చిందో దాన్నీ తియ్యి, ఒరిజినల్ మెసేజ్ మాత్రం చెరిపెయ్యకు. రికార్డు తీసిన ఫోను నీదే అయితే ఆ ఫోను పైలం. రేపు కోర్టుల పెట్టాలంటే సాక్ష్య అధినియం 63వ సెక్షన్ కింద సర్టిఫికెట్ కావాలె, అది లేక మంచి మంచి కేసులు నీరుగారినయ్. గల్ల పట్టుకున్నప్పుడు పక్కన చాయ్ బండాయన ఉంటే ఆయన పేరు కూడ రాసుకో. మనుషులు ఊర్లెనే ఉంటరు గానీ యాది ఉండదు.

అటెన్క నోటీసు. ఒక వకీలు తోని మూడు అడుగుడు అడిగించు. వీడియో తీసెయ్యాలె. అదే ఛానల్ మీద, మీ బాపు బండి ముంగట నిలబడి, "బల్లి లేదు, అది మేం ఆడిన నాటకం" అని మల్ల వీడియో పెట్టాలె. అది కనీసం మొదటి వీడియో ఎన్ని రోజులు ఉన్నదో అన్ని రోజులు అక్కడనే ఉండాలె. నష్టం పైసలు అడుగుడు మీ ఇష్టం. నేనైతే రెండో దాన్నే గట్టిగ పట్టుకుంట. వీడియో తీసేస్తే వాట్సప్‌ల తిరిగే ముక్క ఆగదు, దాన్ని వెనుకకు గుంజే తాడు ఎవ్వరి చేతుల లేదు. దానికి జవాబుగ పంపెటందుకు మీ చేతుల ఒక వీడియో ఉండాలె.

నోటీసుకు పలకకుంటే పరువు నష్టం, న్యాయ సంహిత 356వ సెక్షన్. రెండేండ్ల దాకా సాదా జైలు, లేకుంటే జరిమానా, రెండూ కలిపి అయినా వెయ్యొచ్చు, సమాజ సేవ చెయ్యమని కూడ అనొచ్చు. దీనికి పోలీస్ స్టేషన్ల ఎఫ్‌ఐఆర్ కట్టరు, మెజిస్ట్రేట్ ముంగట ప్రైవేటు ఫిర్యాదు వెయ్యాలె, మూడేండ్ల లోపు. వాళ్ళ వకీలు ఏమంటడో నాకు ఇప్పుడే వినపడుతున్నది: "ఆఖరుకు ప్రాంక్ అని చెప్పినం గద, ముక్క కోసింది మేం కాదు." ఆ వాదన తీసి పారేసేది కాదు. గానీ మొదటి సగం అబద్ధం, రెండో సగం నిజం పెట్టి వీడియో చేసెటోనికి, ఆ మొదటి సగం ఒంటిగ తిరుగుతదని తెల్వదా? తెలిసే, గదాన్నే ముందు పెట్టిండు, అది లేకుంటే ఎవ్వరు చూడరు గాబట్టి.

ఇంకో దారి యూట్యూబ్ దగ్గరనే ఉన్నది. మీ బాపు మొఖం గుర్తుపట్టేటట్టు ఉంటే ప్రైవసీ ఫిర్యాదు పెట్టొచ్చు. అది ఆయన పేరు మీదనే పెట్టాలె, మామూలుగ పెట్టినోనికి 48 గంటలు టైమిచ్చి తరువాత వాళ్ళు చూస్తరు. కంపెనీ ఫిర్యాదుల అధికారి వినకుంటే కేంద్రం 2023ల పెట్టిన గ్రీవెన్స్ అప్పిలేట్ కమిటీకి 30 రోజులల్ల పోవొచ్చు, అంతా ఆన్‌లైన్లనే.

కోర్టు అంటే మీ బాపు వాయిదా వాయిదాకు అదాలత్ కాడికి రావాలె. పొద్దున వాయిదా, సాయంత్రం బండి, మధ్యల పిండి ఎవరు కలపాలె? అందుకే నేను నోటీసు దగ్గర తేలితే మంచిదంటున్న. వకీలు ఫీజు గురించి అయితే న్యాయ సేవాధికార సంస్థకు పో, 15100కు ఫోన్ చేస్తే దారి చెప్తరు. ఆడోళ్ళకు, ఎస్సీ ఎస్టీలకు ఆదాయం చూడకుంట వకీలును ఇస్తరు, మిగిలినోళ్ళల్ల చానామందికి ఆదాయం లెక్క ఉంటది.

ప్రశ్న: అక్కా, నేను డిగ్రీ చదువుతున్న. దోస్తులం నలుగురం కలిసి ప్రాంక్ ఛానల్ నడుపుతున్నం. ఎవ్వరిని కొట్టం, తిట్టం. భద్రకాళి బండ్ మీద, కాజీపేట స్టేషన్ల, బస్టాండ్ల చేస్తం. ఆఖరుకు కెమెరా చూపెట్టి, పర్మిషన్ అడిగినంకనే పెడతం. వెనుకట పగటివేషగాళ్ళు చెయ్యలేదా? పోలీసు వేషం ఏసుకొని వచ్చి ఊరంతా పరేషాన్ చేసెటోళ్ళని మా తాతనే చెప్పిండు. వాళ్ళు చేస్తే కళ, మేం చేస్తే నేరమా? పెద్దోళ్ళకు నవ్వుడు చేత కాదు.
(ఒక యూట్యూబర్, వరంగల్)

జవాబు: తమ్మీ, మా అమ్మమ్మ ఊరు ములుగు దిక్కు. పగటివేషాలు నేను కండ్లార చూసినదాన్ని. మీ తాత చెప్పింది నిజమే, గానీ ఆ కథకు రెండో సగం ఉన్నది, అది కూడ అడగవలసి ఉండె.

పగటివేషగాడు రోజుకో వేషం కట్టి నాలుగు రోజులు ఊర్లెనే తిరుగుతడు. చెట్టు కింద అండుకుంటడు, అందరి బాయిల నీళ్ళే తాగుతడు. ఆఖరి రోజు ఇల్లిల్లు తిరిగి "మీకు నచ్చితే ఇయ్యుండ్రి" అని జోలె పడతడు. ఎవన్ని మోసం చేసి నవ్విచ్చిండో వాడే పైసలు ఇయ్యాలె, వడ్లు కొలవాలె. ఒక్కన్ని ఏడిపించినా ఆ ఇంటి గడప కాడ జోలె ఖాళీగ పోతది. గందుకే వాడు ఎక్కడ ఆగాలెనో వానికి ఎరుక. నీ ఛానల్‌కు ఈ లెక్క లేదు. నువ్వు బెదిరించిన ఆటోఅన్న నీకు పైసా ఇయ్యడు, ఆటోఅన్న బెదురుడు చూసి నవ్వెటోళ్ళు ఇస్తరు. ఆటోఅన్న ఎంత బెదిరితే అంత మంది చూస్తరు. అంటే నువ్వు ఆగెటందుకు ఎవ్వరు నీకు పైసలు ఇస్తలేరు.

ఇంకోటి. వాళ్ళు పోలీసు వేషం కడితే గడి ముంగటికి పోయి, దొర దివాణంల పట్వారీని ఉరికిచ్చేదంట. మా అమ్మమ్మ ఈ ముచ్చట చెప్పుకుంట ఇప్పటికీ నవ్వుతది. మీ వీడియోల లిస్టు ఒకపాలి పెట్టుకొని చూడు. ఒక్క ఎస్సై ఉన్నడా? ఒక్క కార్పొరేటర్ ఉన్నడా? మీ కాలేజీ ప్రిన్సిపాల్? వాచ్‌మెన్ తాత ఉంటడు, పొద్దుగాల రోడ్డు ఊడ్చే అమ్మ ఉంటది, జామపండ్ల బుట్ట ముంగట కూసున్న ముసలమ్మ ఉంటది. మల్ల మాట్లాడలేనోళ్ళను ఏరి ఏరి పట్టుకున్నట్టు లేదా నీకు?

పిట్టలదొర ముచ్చట కూడ తియ్యి మీ తాత దగ్గర. పాత ఖాకీ కోటు, నెత్తిన టోపీ, భుజాన కట్టె తుపాకి. తన బంగ్లకు గోడలుండయట, తలుపులుండయట, కప్పు మాత్రం ఆకాశమంత ఎత్తట, తుపాకి పేలిస్తే తిరిగి తననే తగులుతదట. ఊరు ఊరంతా పడి పడి నవ్వుతది. ఎవన్ని చూసి? వాన్నే చూసి. తన మీద తాను వేసుకునే జోకుకు పర్మిషన్ ఎవ్వరిని అడుగుడు అవసరం లేదు. నువ్వు ఎనుమాముల మార్కెట్ల మిర్చి బస్తాల నడుమ నిలబడి "ఒక్క మిరపకాయ ఎంత? తొడిమె తీస్తే తగ్గిస్తవా?" అని బేరమాడు, కెమెరా యాడ దాస్తవో దాచుకో. రైతులు నిన్ను తిట్టే తిట్లు వింటె నీ ఛానల్ ఇప్పటికంటే మంచిగ నడుస్తది. ఆ తిట్లకు నేనే మొదటి లైక్ కొడత.

పర్మిషన్ మాట. షూటింగ్ అయిపోంగనే, చుట్టు జనం నవ్వుకుంట నిలబడంగ, ముంగట మైకు పెట్టి "పెట్టొచ్చా అంకుల్" అంటే "వద్దు" అనే ధైర్యం ఎవనికి ఉంటది? నిజంగ అడగాలంటే మరునాడు పో. కెమెరా లేకుంట పో, దోస్తులు లేకుంట ఒక్కనివే పో, వీడియో మొత్తం చూపెట్టు, పైసల ముచ్చట తియ్యకు. అప్పుడు ఆయన ఊ అంటే పెట్టుకో. సగం మంది అనరని నీకు లోపల తెలుసు.

దాపుడు కెమెరా ఆట కొత్తదేం కాదు. అమెరికాల అలెన్ ఫంట్ అనే ఆయన 1948లనే టీవీల ఇసొంటి షో మొదలుపెట్టిండు, తరువాత దాని పేరు "క్యాండిడ్ కెమెరా" అయింది. 1969 ఫిబ్రవరిల ఆయన ఎక్కిన విమానాన్ని నిజంగనే హైజాక్ చేసి క్యూబాకు తీసుకపోయిండ్రు. ఆయనను గుర్తుపట్టిన ప్రయాణికులు ఇదంతా షో అనుకొని చప్పట్లు కొట్టిండ్రట. నవ్వొస్తది వింటె. ఇప్పుడు ఆ చప్పట్లను మన బస్టాండ్లకు తెచ్చుకో. నీ అసొంటి నలుగురు నాలుగు మార్లు నురుగు కక్కుకొని పడినంక, అయిదో తాపకు ఎవనికో నిజంగనే ఫిట్స్ వస్తయి. జనం వాని మొఖం చూడరు, కెమెరా యాడున్నదో చూస్తరు. ఎంజీఎం ఆస్పత్రి కూతవేటు దూరంల ఉండి కూడ ఆ మనిషి రోడ్డు మీద పడి ఉంటడు. కింద పడ్డోని దగ్గర చెంబు పట్టుకొని కూసున్న మిర్చి బండి కాకా ఉత్తరం పైన ఉన్నది, చదువు. ఇంకోపాలి ఆయన చెంబు పడతడని నాకు నమ్మకం లేదు.

అవతలోని గుండె ఎంతదో నీకు తెల్వది, ఇది కూడ యాది పెట్టుకో. 2012 డిసెంబర్ల ఆస్ట్రేలియా రేడియోవాళ్ళు ఇద్దరు ఇంగ్లండ్ రాణిమని, యువరాజుమని గొంతు మార్చి లండన్ల ఒక ఆస్పత్రికి ఫోన్ చేసిండ్రు. ఫోన్ ఎత్తింది కర్ణాటక తీరం నుంచి పోయిన నర్సు. ఆమె చేసిందల్లా కాల్‌ను వార్డుకు కలుపుడే. ప్రపంచమంతా నవ్వింది. మూడు రోజులకు ఆమె ప్రాణం తీసుకున్నది. ఆ ఒక్క ఫోన్ వల్లనే అని నేను అనను, మనిషి లోపల ఏమున్నదో ఎవ్వరికి ఎరుక. గదే నేను నీకు చెప్పేది.

ఇగ చట్టం, గబగబ చెప్త, ఈ సెక్షన్లన్నీ న్యాయ సంహితవే. మనిషిని కదలకుంట అడ్డుకుంటే 126, తొవ్వ మీద జనం ఆగేటట్టు చేస్తే 285, ప్రాణానికి ముప్పు తెచ్చే పని చేస్తే 125, బెదిరిస్తే 351, అందరికీ ఇబ్బంది అయితే 292. బెంగళూరు యశ్వంతపూర్ల 2019 నవంబర్ల దయ్యం వేషాలు ఏసుకొని రాత్రిపూట బండ్లను ఆపిన ఏడుగురు పోరగాండ్లను పోలీసులు పట్టుకపోయిండ్రు. హైదరాబాద్ కూకట్‌పల్లిల 2024ల రద్దీ రోడ్డు మీద నోట్లు ఎగజల్లి రీల్ తీసినోని మీద కేసయింది. కాజీపేట స్టేషన్ల అయితే రైల్వే చట్టం వేరే, అనుమతి లేకుంట షూటింగే చెయ్యరాదు. 292 కింద జరిమానా వెయ్యి రూపాయల దాకనే, నువ్వు నవ్వుతవని తెలుసు. నవ్వకు. హన్మకొండ నిండ కానిస్టేబుల్ కోచింగ్ సెంటర్లు ఉన్నయ్ గద, అక్కడ చదివెటోన్ని ఎవన్నైనా అడుగు, ఉద్యోగం వచ్చినంక నింపే అటెస్టేషన్ ఫారంల "నీ మీద కేసులు ఉన్నయా" అన్న గడి ఎంత పెద్దగ కనపడతదో.

ప్రశ్న: మీరు ఊకె భయపెడతరు గానీ, సగం ప్రాంకులు స్క్రిప్టే. తిట్టెటోడు, తన్నించుకునెటోడు, ఏడ్చెటోడు అందరు వాళ్ళ మనుషులే. మరి ఎవరికి నష్టం?
(ఒక పాఠకుడు, పరకాల)

జవాబు: స్క్రిప్టే, ఒప్పుకుంట. అయితే వీడియో మొదట్ల "ఇది నటన" అని రాయమను, ఎంతమంది రాస్తరో చూద్దాం. 2022ల హైదరాబాద్ ఫిల్మ్‌నగర్ దిక్కు ఒక సినిమా ప్రచారం కోసం హీరో కారుకు అడ్డం పడి చస్తనన్న అభిమాని కూడ ఏర్పాటు చేసుకున్నోడే. రోడ్డు మీద ఆగిన బండ్లోళ్ళు మాత్రం స్క్రిప్టుల లేరు. మానవ హక్కుల కమిషన్ దాకా ఫిర్యాదు పోయింది. ఇంకోటి, స్క్రిప్టని మీకు తెలుసు, పరకాలల ఎనిమిదో తరగతి పోరనికి తెల్వది. వాడు నిజం మనుషుల మీద చేస్తడు.

ప్రశ్న: అక్కా, మాకు ఐదేండ్ల బాబు. మా ఆయన వాన్ని ఏడిపించి రీల్స్ తీస్తున్నడు. మొదట "నిన్ను తవుడుకు కొన్నం" అన్నడు. తరువాత "మీ అమ్మ రైలెక్కి పోయింది, ఇగ రాదు" అని చెప్పి, నన్ను పక్క రూంల ఉండమన్నడు. వాడు ఏడ్చి ఏడ్చి వాంతి చేసుకున్నడు. ఆ రీల్‌కే ఎక్కువ వ్యూస్ వచ్చినయ్. మా అత్తమ్మ "మేం మిమ్ముల తవుడుకు కొన్నమని అనలేదా, ఏమైంది" అంటది. బాబు రాత్రిపూట లేచి నా చీర కొంగు చేతికి కట్టుకొని పంటున్నడు.
(పెద్దపల్లి జిల్లా)

జవాబు: చెల్లె, నన్నూ తవుడుకే కొన్నరు. తెలంగాణల తవుడుకు కొనని పిల్లలు ఎవ్వరున్నరు? మీ అత్తమ్మ మాటల అబద్ధం లేదు. గానీ ఆ మాట అన్న ముసలమ్మే పోరడు పెదవి ఇరవంగనే ఒళ్ళెకు గుంజుకొని "నా బంగారు కొండను ఎవడిస్తడే తవుడుకు" అనేది. పెదవి ఇరుపుకు, ఒళ్ళెకు గుంజుకునుడుకు నడుమ ఒక్క ఊపిరి. మీ ఇంట్ల ఆ ఊపిరి నిమిషమైంది, రెండు నిమిషాలైంది, వాంతి దాక పోయింది. కండ్లు తుడవాల్సిన చెయ్యి ఫోను పట్టుకొని ఉన్నది గాబట్టి.

అమెరికా మేరీల్యాండ్ల ఒక జంట పిల్లల మీద ఇసొంటి ప్రాంకులు చేసి లక్షల మందికి చూపెట్టిండ్రు. 2017ల జనం తిరగబడ్డరు, ఇద్దరు పిల్లలను వాళ్ళ దగ్గర నుంచి తీసేసిండ్రు, కోర్టు వాళ్ళకు ఐదేండ్ల ప్రొబేషన్ వేసింది. యూట్యూబ్ 2019 జనవరిల ప్రాంకుల మీద నిబంధనలు గట్టి చేసింది, పిల్లల మనసుకు పెద్ద దెబ్బ తగిలే ప్రాంకులు నిషేధం అని రాసింది. మన దగ్గర జువెనైల్ జస్టిస్ చట్టం 75వ సెక్షన్ ఉన్నది, సాకెటోళ్ళే పిల్లలకు మనసు కష్టం పెడితే మూడేండ్ల దాకా శిక్ష. 1098కి ఎవ్వరైనా ఫోన్ చెయ్యొచ్చు, పక్కింటోళ్ళు కూడ. ఇవన్నీ నీకు తెలిసి ఉండాలెనని చెప్తున్న, రేపే స్టేషన్‌కు పొమ్మని కాదు.

ముందు ఈ పని చెయ్యి. ఆ రైలు రీల్‌కు పాట పెట్టి ఉంటడు, నవ్వుల సౌండ్ పెట్టి ఉంటడు. ఫోన్ల అసలు వీడియో ఉంటది, పాట లేనిది. రాత్రి బాబు పన్నంక, ఆయనను కూసోబెట్టి, చెవులల్ల ఇయర్‌ఫోన్స్ పెట్టి, ఆ వీడియో మొత్తం వినిపించు. మధ్యల ఆపనియ్యకు. నువ్వేం మాట్లాడకు. నూటికి తొంభై మంది తండ్రులు అక్కడనే డిలీట్ కొడతరు. ఆయన నవ్వుకుంట విన్నడనుకో, మల్ల నాకు రాయి, అప్పుడు నోటీసు సంగతి మాట్లాడుకుందాం. ఒక్కటి మాత్రం నీ చేతుల ఉన్నది. ఇంకోపాలి పక్క రూంల ఉండమంటే ఉండకు.

ప్రశ్న: పబ్లిక్ గార్డెన్ల దోస్తులతోని కూసుంటే ఒకడు వచ్చి మోకాళ్ళ మీద కూసొని "ఊ అను, లేకుంటే ఇది తాగుత" అని సీసా చూపెట్టిండు. తరువాత ప్రాంక్ అన్నడు. వీడియో పెట్టొద్దంటే "మొఖం బ్లర్ చేస్తం" అన్నడు.
(డిగ్రీ విద్యార్థిని)

జవాబు: బ్లర్ చేస్తే నీ గొంతు, నీ డ్రెస్సు, నీ పక్కన కూసున్న దోస్తు మొఖం ఏమైతయి? న్యాయ సంహిత 79వ సెక్షన్, ఆడపిల్ల మర్యాదకు భంగం కలిగించే మాట, సైగ, మూడేండ్ల దాకా శిక్ష. ప్రాంక్ అన్న మాట ఆ సెక్షన్ల మినహాయింపు కింద రాసి లేదు. 2017 మొదట్ల ఢిల్లీల ఆడపిల్లలకు ముద్దు పెట్టి ఉరికే ప్రాంక్ వీడియో మీద కేసయింది, 2021 జనవరిల చెన్నైల బీచ్ మీద ఆడపిల్లలను అసభ్యంగ మాట్లాడించిన ఛానల్ వాళ్ళు ముగ్గురు అరెస్టయిండ్రు. షీ టీమ్‌కు, అంటే ఆడోళ్ళ రక్షణకు ఉన్న పోలీసోళ్ళకు చెప్పు, 100కు గానీ 112కు గానీ కొట్టు. పేరు బయట పెట్టరు. ఇంట్ల తిడతరని ఆగకు, అమ్మకు ముందు చెప్పి పో.

ప్రశ్న: గింత రాత కోతలు ఎందుకు వకీలమ్మా? నాలుగు తగిలిస్తే సరిపోదా?
(నర్సంపేట)

జవాబు: అన్నా, మీ కోపం అర్థమైతది. 2021ల అమెరికా నాష్‌విల్‌ల కత్తులు పట్టుకొని దోపిడీ ప్రాంక్ చేసిన ఇరువై ఏండ్ల పోరన్ని, నిజమనుకున్న మనిషి కాల్చేసిండు. వర్జీనియాల 2023ల ఒక మాల్ల ప్రాంక్ చేసెటోని పొట్టల తూటా దిగింది, గాయపరిచిన నేరం కాల్చినోని మీద నిలబడదని జ్యూరీ వదిలేసింది. పోరడు బతికిండు, మల్ల వీడియోలు చేస్త అన్నడు. అంటే తూటాకే బుద్ధి రాలేదు, మీ నాలుగు దెబ్బలకు వస్తదా? మన దగ్గర అయితే న్యాయ సంహిత 115వ సెక్షన్ కింద మీ మీదనే కేసు, ఏడాది దాకా జైలు, పదివేల దాకా జరిమానా. పైంగ వాళ్ళకు కావలసింది కూడ మీ చెయ్యి లేచుడే, ఆ వీడియోకు వ్యూస్ ఇంకా ఎక్కువ. చెయ్యి జేబుల పెట్టుకొని ఫోన్ బయటికి తియ్యుండ్రి. వాళ్ళ బండి నంబరు ప్లేటు ఫొటో తీసి, ముగ్గురి మొఖాలు వచ్చేటట్టు ఇంకో ఫొటో తీసి, ఛానల్ పేరు అడుగుండ్రి. చెప్తరు, సబ్‌స్క్రైబ్ చేస్తరనుకొని.